కల చల్లారే వేళ

ఆ రోజు ఆ ఇంట్లో ఉన్నది మస్సా పెద్దమ్మ, మామావా అవ్వ, బజారులో బట్టలు కుట్టే హవా, పోయిన వానల్లోనే వాళ్ళలో చేరిన జెబ్బే. ఈ నలుగురూ లోపలి గదిలో, తలుపు మూసుకుని. వసారాలో ఇంటి యజమాని కమాండా తాత, చేపల వల ఒళ్ళో వేసుకుని చిరుగులు వేళ్ళతో తడుముకుంటూ. బల్ల కింద గుడ్ల మీద పొదిగి కూర్చున్న కోడి. బల్ల మీద బైందు. బైందుని ఇంట్లోవాళ్ళలో లెక్కపెట్టాలో, వాన తగ్గితే వెళ్ళిపోయేవాళ్ళలో లెక్కపెట్టాలో ఇంకా తేలలేదు. అది తేలేది కాసేపట్లో, లోపలికి పిలిచి, ఇందాక మధ్యాహ్నం నిద్రలో ఆమె ఏం చూసిందో విన్నాక.

నాలుక కింద కోలా గింజ ముక్క చేదుగా నానుతోంది. నిద్రలేచి కళ్ళు తెరవగానే మస్సా పెద్దమ్మ మాట్లాడొద్దని సైగ చేసి, కోలా గింజని తనే కొరికి, సగం ముక్క బైందు నోట్లో పెట్టింది. కల చెప్పేదాకా మరో మాట ఆ నోట్లోంచి రాకూడదు. “కాసేపు చల్లారనీ,” అని చెయ్యి పట్టుకుని వసారాలోకి తీసుకొచ్చి కూర్చోబెట్టింది. “వేడిగా తెచ్చావంటే ఏది కలో ఏది నీ భయమో మాకు తెలీదు. ఊరికే కూర్చో. దాన్ని కెలక్కుండా కూర్చో.” ఆ మాట అప్పుడు తేలిగ్గానే అనిపించింది. ఊరికే కూర్చోవడం బైందుకి బాగా వచ్చిన పని. బడిలో చివరి బల్ల మీద కూర్చుంటుంది, పెళ్ళిళ్ళలో వంటపాకకీ గోడకీ మధ్య కూర్చుంటుంది, ఇంట్లో బియ్యం బస్తాల పక్కన చాప మీద కూర్చుని అందరూ తిన్నాక తింటుంది. పినతల్లి వద్దని కాదు, పినతల్లి మంచిదే, “రావే, చల్లారిపోతోంది” అని పిలుస్తుంది కూడా, కానీ అందరి చేతులూ ఒకే పళ్ళెంలోకి గబగబా వెళ్తున్నప్పుడు తన చెయ్యి ఎప్పుడు పెట్టాలో బైందుకి ఎప్పుడూ తెలియదు, ఒక చెయ్యి వెనక్కి తీసేలోగా ఇంకోటి వస్తుంది, అలా చూస్తూ ఉండగానే కర్రపెండలం ఆకు కూర అయిపోయి పళ్ళెం అడుగున నూనె ఎర్రగా మిగులుతుంది.

“ఏం పిల్లా, నోట్లో ఏం కుక్కారే నీకు,” అన్నాడు తాత వల మీంచి తల ఎత్తకుండా. బైందు తల అడ్డంగా ఊపింది. “చెప్పవా? బాగుంది. ఇన్నేళ్ళకి ఈ ఇంట్లో నా మాటకి ఎదురు చెప్పని ఆడమనిషి ఒకతి దొరికింది. రోజూ రా.” ఆమెకి నవ్వొచ్చింది, నవ్వితే కోలా ముక్క పక్కకి జారుతుందని పెదవులు బిగించింది. రేకుల మీద వాన ఒక్కసారి పెద్దదై, ఆ చప్పుడులో తాత ఇంకేదో అన్నాడు, వినపడలేదు. వాన ఇలా కురుస్తుంటే ఊరంతా ఎవరింట్లో వాళ్ళు ఉంటారు, ఎవరి వాళ్ళతో వాళ్ళు ఉంటారు. బైందుకి వాన అంటే అందుకే భయం. ఎండలో అయితే ఏదో ఒక పనిమీద ఎవరి వెనకైనా నడవొచ్చు, ఏటికి, చేనుకి, బావికి, వెనక నడిచేవాళ్ళని ఎవరూ నువ్వెందుకొచ్చావని అడగరు.

లోపల ఎవరో దగ్గారు. మామావా అవ్వ. ఆ దగ్గు ఈ మధ్య మొదలైంది, మొదలైతే ఆగదు, ఆగేసరికి అవ్వ కళ్ళలో నీళ్ళు, “అయ్యో ఏం మాట్లాడుతున్నానే నేను” అంటుంది. మొన్న హవాని పట్టుకుని హవా తల్లి పేరుతో పిలిచింది. ఆమె పోయి ఎన్నేళ్ళో. హవా కూడా పలికేసింది, “ఆ, ఏంటే మామావా,” అని చచ్చిపోయిన తల్లి గొంతుతోనే, అందరూ పడీ పడీ నవ్వారట. బైందు నవ్వలేదు. ఆ మాట విన్న రోజు ఆమెకి అన్నం సహించలేదు. అవ్వ మరిచిపోతోంది. అవ్వ మరిచిపోతే అమ్మ పోతుంది, ఈసారి పూర్తిగా.

ఎందుకంటే అమ్మ కలలు అవ్వ దగ్గరున్నాయి. సెమబు ఊళ్ళో వీళ్ళ పేరు ఎవరూ పైకి అనరు, నిద్రింటివాళ్ళు అని పిల్లలు మాత్రం గుసగుసలాడతారు. కలిసే రోజున బట్టలుతకడానికి పోతున్నాం అని చెప్పి వెళ్తారు, పొడి బట్టలతో తిరిగొస్తారు, “ఈ వానలో కూడా ఎంత బాగా ఆరాయో” అని మగవాళ్ళు వెనక నుంచి అంటారు. లోపల వాళ్ళు నిద్రపోతారు, లేచి తమ కల చెప్పుకుంటారు, ఒక్కొక్కరికి ఒక చెవి ఉంటుంది, అంటే విని దాచిపెట్టే మనిషి. ఏ వానల్లో ఏ కలలు వస్తాయో, కడుపుతో ఉన్నవాళ్ళకి ఏటి నీళ్ళు ఏ రంగులో కనిపిస్తాయో, కలలో మెట్టచేనుకి వెళ్ళే దారి ఎక్కడ విడిపోతుందో, అమ్మమ్మల అమ్మమ్మల నుంచి పోల్చి చూసుకుంటూ వస్తున్నారు, అంతా నోటి నుంచి చెవికి. మనిషి పోతే ఆ మనిషి కలలు చెవి దగ్గరే ఉండిపోతాయి, కూతురు వాళ్ళలో చేరిన రోజున కూతురికి చెబుతారు. చేరని కూతురికి చెప్పరు. ఇవన్నీ బైందుకి తెలియకూడదు, ఏటి దగ్గర ఒకరోజు అవ్వే నోరు జారింది. “టెన్నె కలలు బోలెడు నా దగ్గరున్నాయే తల్లీ, మీ అమ్మ భలే కలలు కనేది. నువ్వు కూడా ఉన్నావు వాటిలో,” అని, వెంటనే నాలుక కరుచుకుని, “ఆ గుడ్డ ఇటియ్యి, పిండుతాను” అంది.

నువ్వు కూడా ఉన్నావు. ఏం చేస్తూ ఉంది తను, ఎంత పిల్లగా, నవ్వుతూనా ఏడుస్తూనా, అమ్మ పిలిస్తే పలికిందా? ఆ రోజు నుంచి బైందు నడుస్తున్నా, దంచుతున్నా, మాస్టారు నల్లబల్ల మీద రాస్తున్నా అదే. ఎక్కడో ఒక ముసలామె తలలో అమ్మ నిద్రపోతోంది, ఆ నిద్రలో తను ఉంది, అక్కడ తనకి ఒక తల్లి ఉంది. ఇక్కడ ఉన్న తనకి మిగిలింది కొంచెమే. పగుళ్ళ మడమ. పొగబెట్టిన చేప వాసన. వీపు మీద గుడ్డలో కట్టుకుని నడుస్తున్నప్పుడు చెంపకి తగిలిన వెన్నుపూస. మొహం లేదు. ఎంత వెతికినా మొహం ఉండాల్సిన చోట మస్సా పెద్దమ్మ మొహమే వస్తుంది, అక్కాచెల్లెళ్ళు కదా పోలిక ఉంటుందిలే అంటారు ఎవరైనా, పోలికతో ఏం చేసుకోను అని బైందు ఎవరితోనూ అనలేదు.

ఇందాక కలలో చేను కనిపించింది. ఎగువన మెట్టచేను, కోతకి ముందు, పిట్టలు గింజల మీద పడే రోజులు. పిట్టలు తోలే మంచె కింద పొగ. పొగ పక్కన అమ్మ కూర్చుని చాటతో చెరుగుతోంది. వీపు ఇటు. అమ్మ అని ఎవరూ చెప్పక్కర్లేదు, మడమ కనిపిస్తూనే ఉంది. బైందు దగ్గరికి వెళ్ళింది, చాలా దగ్గరికి, పొట్టు ఎగిరి తన మోకాళ్ళ మీద పడేంత దగ్గరికి. ఏదో అంది. చాట ఆగలేదు. పిట్టల గుంపు లేస్తే అమ్మ తల ఎత్తి అటు చూసింది, బైందు నిలబడ్డ చోటి గుండానే చూసింది, తెరిచి ఉన్న గుమ్మంలోంచి బయటికి చూసినట్టు, మళ్ళీ చాట వైపు వంగిపోయింది. అంతే. మొహం కూడా సరిగా కనిపించలేదు. బైందు అలాగే నిలబడి ఉంది, పొట్టు పడుతూనే ఉంది, మెలకువ వచ్చింది.

ఎన్ని వానలకి వచ్చిన అమ్మ. చూడలేదు. కోపమా? తను అప్పుడు చేసిందేమైనా ఉందా? పాలపళ్ళు ఊడే వయసు, జ్వరంతో అమ్మ నీళ్ళడిగితే తను బయట ఆడుకుంటూ ఉందేమో. లేక పెరిగి మారిపోయిందని గుర్తుపట్టలేదేమో. చనిపోయినవాళ్ళు మనం వదిలేసిన చోటే ఉంటారు, మనమే పెరుగుతాం. అది కూడా కావచ్చు. కానీ ఆ కళ్ళు తన గుండా వెళ్ళిన తీరు బైందుకి బాగా తెలుసు, అది కొత్తది కాదు, రోజూ బడిలో, బావి దగ్గర, తన గుండా అలాగే చూస్తారు, అలా చూడని మనిషి ఒక్కతైనా ఎక్కడో ఉందనుకుంది.

“మీ అమ్మ కూడా ఈ బల్ల మీదే కూర్చుంది,” అన్నాడు తాత ఉన్నట్టుండి. వాన కొంచెం తగ్గింది. “నీ అంతే ఉండేది. నోట్లో ముక్క పెట్టుకుని, కాళ్ళు ఊపుకుంటూ. బల్ల కిర్రు కిర్రు. ఊపొద్దే, కాళ్ళు విరుగుతాయి అంటే, నా కాళ్ళా బల్ల కాళ్ళా అన్నట్టు చూసింది నన్ను. మహా పొగరు.” బైందు తన కాళ్ళ వైపు చూసుకుంది. కదలకుండా, బుద్ధిగా, పక్కపక్కన ఉన్నాయి. ఒకసారి ఊపి చూసింది. బల్ల కిర్రుమంది. కోడి కింద నుంచి చిరాగ్గా గొణిగింది. అమ్మకి పొగరు. ఎవరూ చెప్పలేదు ఇది. పొగరున్న మనిషి లోపలికి వెళ్ళి ఏం చెప్పి ఉంటుంది, ఏ కల ఇచ్చి ఉంటుంది, తప్పకుండా గొప్పదే, వినగానే అందరూ ఆహా అని ఉంటారు. ఆమె కూతురు వెళ్ళి, మా అమ్మ నన్ను చూడలేదు అని చెబుతుందా? మస్సా పెద్దమ్మ ముందు? జెబ్బే ముందు?

చాట ఒక్క క్షణం ఆగింది అనుకుంటే? నిజంగా ఆగలేదా? పిట్టలు లేచినప్పుడు ఆగింది కదా, ఆగకుండా తల ఎలా ఎత్తుతుంది? ఆగింది. అది అబద్ధం కాదు. ఆగినప్పుడు అమ్మ చెవి ఇటు తిరిగింది, చెవికి చిన్న ఇత్తడి పోగు ఉంది, ఉందా, ఉండే ఉంటుంది. బైందు ఆ పోగుని కాసేపు చూసింది. వాన నీళ్ళు చూరు నుంచి ధారగా పడి నేలలో గుంట చేస్తున్నాయి, గుంటలో కొట్టుకొచ్చిన ఒక గడ్డిపరక తిరుగుతోంది. కెలక్కూడదు. తను కెలకడం లేదు, గుర్తు తెచ్చుకుంటోంది, అంతే. పోగు కదిలిందంటే తల తిరిగిందనేగా. సగం తిరిగింది. చెంప కనిపించింది. చెంప మీద పొట్టు అంటుకుని ఉంది, దాన్ని తుడవాలనిపించి చెయ్యి చాచింది తను. ఇది మాత్రం నిజం, చెయ్యి చాచినట్టు ఇప్పుడు చేతికే తెలుస్తోంది. ఇక్కడితో ఆపాలి. ఇక్కడిదాకా చెబితే చాలు, ఎవరూ పట్టుకోలేరు, తను కూడా పట్టుకోలేదు.

అప్పుడు లోపల జెబ్బే నవ్వింది. జెబ్బే నవ్వు బైందుకి ఎక్కడున్నా తెలుస్తుంది, మొదట ముక్కుతో, తర్వాత ఆపుకోలేక నోటితో. ఇద్దరూ ఒకే మామిడిపండు చెరోపక్క నుంచి కొరికినవాళ్ళు. ఒకే చాప మీద పడుకుని, తెల్లారగానే “నీకేం వచ్చింది, నీకేం వచ్చింది” అని కలలు చెప్పుకున్నవాళ్ళు. జెబ్బేకి ఎప్పుడూ ఏనుగులు వచ్చేవి, ఏనుగుని ఎవరూ చూడలేదు ఊళ్ళో, అయినా వచ్చేవి. పోయిన వానల్లో జెబ్బే ఈ గదిలోకి వెళ్ళింది. మర్నాడు ఏటి దగ్గర “ఏం చేశారే లోపల” అంటే, జెబ్బే అటూ ఇటూ చూసి, పెద్దవాళ్ళ గొంతుతో “బట్టలుతికాం” అంది. బైందు నవ్వుతుందేమోనని చూసింది, ఆట అనుకుంది. ఆట కాదు. అప్పటి నుంచి జెబ్బే బైందు చాప మీదే పడుకుంటుంది కానీ తెల్లారగానే లేచి వెళ్ళిపోతుంది, నోరు మూసుకుని, ఎక్కడ నోటి నుంచి జారుతుందోనన్నట్టు. ఇప్పుడు దేనికి నవ్వింది? ఎవరన్న మాటకి? ఈ తలుపు దాటితే ఆ నవ్వు తనకి కూడా తెలుస్తుంది. తలుపు దాటితే అమ్మ కలలు ఒక్కొక్కటీ అవ్వ నోటి నుంచి తన చెవిలోకి వస్తాయి, అవ్వ మరిచిపోకముందే, ఆ దగ్గు ముదరకముందే. వీపు చూపించే అమ్మ దేనికి పనికొస్తుంది వాళ్ళకి? తల తిరగాలి. పూర్తిగా తిరగాలి.

తిరిగింది. మొహం ఉంది, మస్సా పెద్దమ్మది కాదు, సన్నగా, తాత చెప్పిన పొగరుతో. కళ్ళు బైందు కళ్ళలోకి చూశాయి. చాట పక్కన పెట్టింది. “బైందూ,” అంది, “వచ్చావా? తిన్నావా?”

నోట్లో చేదు అంతా ఒక్కసారి ఊరి గొంతులోకి దిగింది. బైందు తలవంచుకుని ఏడ్చింది, తాత వినకుండా. అమ్మ అలా పిలుస్తుంటే ఇది తను కల్పించిందని ఎలా అనుకోవాలి? చెవులకి వినపడుతోంది. ఇంతకు ముందుది, ఆ వీపు, ఆ గుమ్మంలోంచి చూపు, అదే ఇప్పుడు ఎవరో చెప్పగా విన్నదానిలా దూరంగా ఉంది.

తలుపు తెరుచుకుంది. జెబ్బే. “రా, పెద్దమ్మ పిలుస్తోంది,” అంది, ఎటో చూస్తూ. తర్వాత మెల్లగా, పాత గొంతుతో, “భయపడకే,” అంది.

గది చిన్నది. చాపల మీద ముగ్గురూ గోడకి ఆనుకుని కూర్చున్నారు, జెబ్బే వెళ్ళి నాలుగోది అయింది. మస్సా పెద్దమ్మ ఆకు పట్టింది, బైందు దానిలో కోలా ముక్క ఉమ్మింది. మామావా అవ్వ ఆమెనే చూస్తోంది, ఎంత ఆశగా అంటే, ఒళ్ళో ఎప్పటి నుంచో మోస్తున్న బరువు ఇక దించుకోవచ్చనుకున్నట్టు. బైందు చెప్పింది. ఎప్పుడూ నలుగురి ముందు రెండు మాటలు కలపలేని పిల్ల, ఆగకుండా చెప్పింది. చేను, పొగ, మడమ, పొట్టు. చాట ఆగడం. పోగు. చెంప. తర్వాత అమ్మ తిరిగి తన మొహంలోకి చూడడం, పేరు పెట్టి పిలవడం, తిన్నావా అనడం.

హవా తన వేలి మీద సూది గుచ్చుకున్న మచ్చలు చూసుకోవడం మొదలుపెట్టింది. జెబ్బే తల దించుకుంది. అవ్వ మొహంలో ఆశ ఎక్కడికి పోయిందో బైందుకి అర్థం కాలేదు.

“పేరు పెట్టి పిలిచిందా?” అంది మస్సా పెద్దమ్మ.

“పిలిచింది పెద్దమ్మా.”

“నీ వైపు చూసి?”

“నా వైపు చూసి.”

“ఒక్కమాట అడుగుతాను, ఒక్కసారే అడుగుతాను. మా పద్ధతి అది. ఇలా కాక ఇంకోలా ఏమన్నా చూశావా? ఉంటే ఇప్పుడు చెప్పు. దాచుకోకు.”

నోరు తెరిచింది. ఉంది. ఇంకోటి ఉంది, నాలుక మీదికి కూడా వచ్చింది. ఈ నలుగురూ, అమ్మని తెలిసినవాళ్ళు, అమ్మ పొగరు చూసినవాళ్ళు, వాళ్ళ ముందు తను నిలబడి, మా అమ్మకి నేను కనపడలేదు అని చెప్పాలి. చెబితే అది నిజమైపోతుంది. వాళ్ళు నలుగురూ దాన్ని దాచిపెట్టుకుంటారు, వాళ్ళ తర్వాతి వాళ్ళకి కూడా చెబుతారు, టెన్నె కూతురి కల ఇది, తల్లి చూడలేదు అని.

“లేదు పెద్దమ్మా,” అంది బైందు. “అంతే.”

“సరేనమ్మా. ఇంటికి వెళ్ళు. వాన తగ్గినట్టుంది.” గొంతులో కోపం లేదు. కోపం ఉంటే బాగుండేది.

అవ్వ గోడ పట్టుకుని లేచి, గుమ్మం దాకా తోడొచ్చింది. గడప అవతల బైందుని దించి, ఇవతల తను నిలబడి, ఆమె చెయ్యి వదల్లేదు. ఎముకలే ఉన్నాయి ఆ చేతిలో. “బాధపడకే తల్లీ,” అంది గొంతు తగ్గించి. “నీకు చెప్పకూడదు. ఏమైతే అయింది. పోయినవాళ్ళు కలలోకొస్తే మన మొహం చూడరమ్మా. పేరు పెట్టి పిలవరు. ఎవరి తల్లీ చూడలేదు. మా అమ్మ నా గుండా కొండ వైపు చూసింది. మస్సాకీ అంతే, హవాకీ అంతే. ఎన్ని తరాల నుంచి అడిగి చూశామనుకున్నావు, ఒక్కరికి కూడా లేదు. మీ అమ్మ నీ మీద ప్రేమ లేక కాదు. వాళ్ళ చూపు అంతే.”

“అవ్వా, ఏం చెబుతున్నావక్కడ?” లోపల నుంచి మస్సా పెద్దమ్మ.

“ఏముంది, మెట్టు జారుతుందని చెబుతున్నా.”

బైందు లోపల ఏదో పెద్ద ముడి విడిపోయింది. ఎవరి తల్లీ చూడలేదు. చాట, పొగ, గుమ్మంలోంచి చూసినట్టున్న ఆ చూపు, అన్నీ ఒక్కసారి దగ్గరికొచ్చాయి, మోకాళ్ళ మీద పొట్టు గరుగ్గా తగిలింది. “అవ్వా,” అంది. “అమ్మ నన్ను చూడలేదవ్వా. నిజంగా చూడలేదు. చెరుగుతూనే ఉంది. పిట్టలు లేస్తే నా గుండా వాటి వైపు చూసింది. అదే నాకు వచ్చిన కల. ఒట్టు అవ్వా, అదే.”

అవ్వ ఆమె మొహంలోకి చాలాసేపు చూసింది. ఒక కన్ను, తర్వాత ఇంకో కన్ను, ఏటి నీళ్ళలో అడుగు వెతికినట్టు.

“ఇందాక చెప్పలేదే తల్లీ.”

“సిగ్గేసింది.”

“నేను చెప్పాక చెప్పావు,” అంది అవ్వ. “నేను చెప్పిన మాటే తిప్పి నాకు చెప్పావు. లోపల ఎవరు నమ్ముతారు దీన్ని? వాళ్ళెందుకు, నాకే తెలీడం లేదు. నిజమే అయి ఉంటుంది. నిజమో కాదో ఇక నాకు ఎలా తెలుస్తుందమ్మా? నేనే చెడగొట్టాను. నా నోరే.” దగ్గు వచ్చింది. దగ్గుతూనే చెయ్యి వదిలింది. “వచ్చే వానలకి రా. కొత్తది తీసుకురా.”

వచ్చే వానలకి నువ్వుంటావా అని బైందు అడగలేదు. ఉన్నా అప్పటికి అమ్మ నీలో ఎంత మిగులుతుంది అని కూడా అడగలేదు. అవ్వ తలుపు తోసింది. వానకి చెక్క ఉబ్బి ఉంది, సగంలో ఇరుక్కుంది. మళ్ళీ తోసింది, కొంచెం కదిలింది, సందులో అవ్వ భుజం, తెల్ల జుట్టు, లోపలి చాప అంచు కనిపిస్తూనే ఉన్నాయి. ముసలి చేతుల్లో సత్తువ చాల్లేదు. అప్పుడు ఆ చేతుల పైన ఇంకో చెయ్యి వచ్చి ఆనింది, నల్లపూసల కడియం ఉన్న జెబ్బే చెయ్యి, దాంతో తలుపు పూర్తిగా మూసుకుంది.